పనివారి తగాదా: సివిల్ కోర్టుకా, లేబర్ కోర్టుకా?

ఉద్యోగం పోయిన కార్మికుడు నేరుగా సివిల్ కోర్టుకు వెళ్లవచ్చా? ప్రశ్నపత్రాల్లో తరచూ మెలికపెట్టే చోటు ఇదే. 1975లో ప్రీమియర్ ఆటోమొబైల్స్ కేసులో సుప్రీంకోర్టు గీసిన గీత గుర్తుంటే చాలు. తగాదా పారిశ్రామిక వివాదమే కాకపోతే సివిల్ కోర్టే దిక్కు. పారిశ్రామిక వివాదమే అయినా, హక్కు సాధారణ చట్టం నుంచి వచ్చిందైతే రెండు దారుల్లో ఏదో ఒకటి ఎంచుకోవచ్చు. హక్కును పుట్టించిందే పారిశ్రామిక వివాదాల చట్టమైతే మాత్రం, ఆ చట్టం చూపిన వేదికకే వెళ్లాలి. అభ్యర్థులు తడబడేది రెండో సూత్రం దగ్గరే.

అసలు ‘పరిశ్రమ’ అంటే? 1978లో బెంగళూరు నీటి సరఫరా కేసులో ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం దాని పరిధిని బాగా విస్తరించింది. ప్రధాన తీర్పు జస్టిస్ వి.ఆర్.కృష్ణయ్యర్‌ది.

1947 పారిశ్రామిక వివాదాల చట్టంలో సెక్షన్ 7 లేబర్ కోర్టుకు, 7ఎ పారిశ్రామిక ట్రిబ్యునల్‌కు, 7బి జాతీయ ట్రిబ్యునల్‌కు సంబంధించి ఉండేవి. వీటికి వివాదాన్ని సాధారణంగా ప్రభుత్వమే నివేదించాల్సి ఉండేది. ఈ విషయంలో మనవాళ్లు ముందున్నారు: తొలగింపునకు గురైన కార్మికుడు తానే లేబర్ కోర్టు తలుపు తట్టే వీలును ఆంధ్రప్రదేశ్ 1987లోనే సవరణతో కల్పించింది. కేంద్రం ఆ పని చేసింది 2010లో!

పాత పుస్తకాలతో జాగ్రత్త. 2020 పారిశ్రామిక సంబంధాల కోడ్ లేబర్ కోర్టులను పక్కనపెట్టి, ఒక న్యాయ సభ్యుడు, ఒక పరిపాలనా సభ్యుడు ఉండే ట్రిబ్యునల్‌ను తెచ్చింది. కోడ్ 2025 నవంబరు 21న అమల్లోకి వచ్చింది.