బ్రౌజరునందు నిశ్చల ఛాయాచిత్రము



గడచిన సంవత్సరము మన పాఠశాలలో దరఖాస్తుల కొరకు పిల్లల ఛాయాచిత్రములు కావలసివచ్చినవి. స్టూడియోకు పోవలెనన్న కూలిపని చేయు తండ్రికి ఒకపూట కూలి పోవును. బస్సు ఖర్చు వేరు. కంప్యూటరు గదిలో కెమెరా ఉండగా మనమే ఏల తీసికొనరాదని మేము తలచితిమి. అప్పుడు నేర్చిన సంగతులనే ఇచట పాఠముగా వ్రాయుచున్నాము.

1839వ సంవత్సరమున ఫ్రాన్సులో డాగెరు ఛాయాచిత్ర పద్ధతి లోకమునకు వెల్లడియైనది. వెండిపూత గల రాగిరేకుపై వెలుగు పడి బొమ్మ ఏర్పడుచుండెను. పిమ్మట హైదరాబాదున ఆరవ నిజాము ఆస్థాన ఛాయాచిత్రకారుడైన రాజా దీన్ దయాళ్ (1844–1905) ఈ కళలో ప్రసిద్ధి గాంచెను. నేడు రేకు లేదు. కెమెరా వెలుగును అంకెలుగా మార్చును. ఆ అంకెలను బ్రౌజరు చిత్రముగా చేయుటకు ఐదు మెట్లు కలవు.

మొదటిది అనుమతి. జావాస్క్రిప్టులోని 'గెట్ యూజర్ మీడియా' అను ఆజ్ఞచే పుట కెమెరాను కోరును. బ్రౌజరు వెంటనే ఇయ్యక, ఎదుట కూర్చున్న వారిని అడుగును. పుట 'హెచ్.టి.టి.పి.ఎస్.' రక్షణతో వచ్చినదైనను కావలెను, తన యంత్రమునందే నడచు 'లోకల్‌హోస్ట్' పుటయైనను కావలెను. రక్షణ లేని పుటను త్రోవలో పరులు మార్చగలరు. అందువలననే క్రోమ్ బ్రౌజరు 2015 చివరనుండి అట్టి పుటలకు కెమెరాను నిరాకరించుచున్నది.

రెండవది ప్రవాహము. అనుమతి లభించినంతనే కెమెరానుండి చిత్రప్రవాహము వచ్చును. దానిని 'వీడియో' అను భాగమునకు కలిపినచో మన ముఖము తెరపై కదలుచు కనబడును.

మూడవది పట్టుట. 'కాన్వాస్' అను ఖాళీ పలకపై 'డ్రా ఇమేజ్' ఆజ్ఞ ఆ క్షణమందలి చిత్రమును దించును. ఏటిలో చెంబు ముంచినట్లే ఇదియును: ఏరు పారుచునే యుండును, చెంబులోని నీరు నిలుచును.

ఇచటనే మేము పొరబడితిమి. కొలత చెప్పనిచో కాన్వాసు వెడల్పు 300, ఎత్తు 150 చుక్కలు మాత్రమే. మా కెమెరా చిత్రము 1280, 720. కావున మొదటి చిత్రమున బాలుడు లేడు. ఎడమవైపు పైమూలనున్న గోడ మాత్రము వచ్చినది! పిల్లలు నవ్విరి, మేమును నవ్వితిమి. వీడియో కొలతలనే కాన్వాసునకు ఇయ్యవలెను. అదియు చిత్రము వచ్చిన పిమ్మటనే. అంతకుముందు ఆ కొలతలు సున్నలు.

నాల్గవది భద్రపరచుట. 1280ని 720చే గుణించిన 9,21,600 చుక్కలు. ఒక్కొక్క చుక్కకు ఎరుపు, ఆకుపచ్చ, నీలము, పారదర్శకత అని నాలుగు బైట్లు. మొత్తము 36,86,400 బైట్లు. కావున జేపెగ్ పద్ధతిలో కుదించి దాచుట మేలు. 'టు బ్లాబ్' ఆజ్ఞ నేరుగా ఫైలునకు తగిన రూపమిచ్చును. 'టు డేటా యూఆర్ఎల్' అక్షరరూపమున ఇచ్చును. అందు మూడు బైట్లు నాలుగు అక్షరములగుటచే పరిమాణము మూడవవంతు పెరుగును.

ఐదవది ఆపుట. పని ముగిసినంతనే ప్రవాహములోని ప్రతి 'ట్రాకు'ను ఆపవలెను. లేనిచో కెమెరా చూచుచునే యుండును. దీపము గల కెమెరాయైనచో అది ఆరినదా యని చూచుకొనుడు.

ఇక ముఖ్యమైన మాట. చిత్రములు తీయుచుండగా ఒక బాలిక, "అయ్యా, నా బొమ్మ ఈ కంప్యూటరులోనే ఉండిపోవునా?" అని అడిగినది. మేము ఐదు మెట్లను ఆలోచించితిమి గాని, ఈ ప్రశ్నను ఆలోచింపలేదు. బ్రౌజరు అనుమతి యడిగినప్పుడు మీట నొక్కినది మేము. ముఖము ఆ బిడ్డది. నాటినుండి ముందుగా బిడ్డను, ఇంటి పెద్దలను అడుగుచున్నాము. దరఖాస్తు పని తీరినంతనే, ఆ బిడ్డ ఎదుటనే చిత్రమును తుడిచివేయుచున్నాము.

యంత్రమే అనుమతి యడుగుచుండగా మనుష్యులమైన మనము అడుగకుండుట తగునా? నేర్పును, మర్యాదను కలిపి అభ్యసింపుడు. మన పోచంపల్లి బిడ్డలు ఈ రెండింటను ముందుండవలెనని మా కోరిక.