అమ్మ సంతకం పెట్టేముందు

చిరంజీవి మేనల్లుడికి మామ ఆశీస్సులు.

మీ నాన్న దినాలు కాకముందే ఇంట్లో ఉద్యోగం మాట వచ్చిందని మీ అమ్మ ఫోన్లో బాధపడింది. అందులో తప్పేమీ లేదబ్బీ. వానను నమ్ముకున్న నాలుగెకరాలు కర్నూలు, కడప జిల్లాల్లో ఏ ఇంటినీ పూర్తిగా మోయవు. ఒకటో తారీఖు జీతం ఆగిందంటే కొట్టు బాకీవాడు మొదటి వారంలోనే పలకరిస్తాడు.

కారుణ్య నియామకాలకు మన రాష్ట్రంలో ఆధారం 1977 అక్టోబరు 3 నాటి జీవో 687. సర్వీసులో ఉండగా చనిపోయిన ఉద్యోగి భార్యకో, కొడుక్కో, కూతురికో జూనియర్ అసిస్టెంటు స్థాయి దాటకుండా ఒక కొలువు ఇస్తారు. ఇంట్లో సంపాదించేవాళ్లు ఇంకెవరూ ఉండకూడదు. దరఖాస్తు ఏడాదిలోపు పడాలి. పిల్లలు మైనర్లయితే, మరణం నాటి నుంచి రెండేళ్లలో వాళ్లకు పద్దెనిమిది నిండాలి. శాఖలో ఖాళీ లేకుంటే ఫైలు కలెక్టరు దగ్గరికి పోతుంది, అక్కడి నుంచి వేరే శాఖకు. ఆర్టీసీ డిపోల్లో అయితే దీన్ని 'బ్రెడ్ విన్నర్' అంటేనే అందరికీ అర్థమవుతుంది.

'నాన్న ఉద్యోగం కొడుకుదే కదా' అన్నావట. కోర్టులు ఆ మాట ఒప్పుకోవు. ఉమేశ్ కుమార్ నాగ్‌పాల్ కేసులో 1994లోనే సుప్రీంకోర్టు తేల్చింది: ఇది వారసత్వ హక్కు కాదు, ఉన్నట్టుండి దిక్కులేకుండా పోయిన కుటుంబం ఆ గండం దాటడానికే. హర్యానాలో 1997లో ఒక కానిస్టేబుల్ డ్యూటీలో చనిపోయాడు. కొడుక్కి అప్పుడు ఏడేళ్లు. చదువురాని తల్లి, పిల్లవాడు పెద్దయ్యాక ఉద్యోగం ఇమ్మని అడిగింది. ఆ కొడుకు మేజరై, కోర్టుల చుట్టూ తిరిగి, చివరికి 2024 నవంబరులో సుప్రీంకోర్టులో ఓడిపోయాడు. తల్లి ఏకమొత్తం సాయానికి అర్జీ పెట్టుకోవచ్చని మాత్రం చెప్పారు. వింటే మనసు చివుక్కుమంటుంది. అయినా ఫైలు చూసేది కష్టం వచ్చిన రోజును, కొడుకు పెద్దవాడైన రోజును కాదు.

ఇక అసలు సంగతి. మనవైపు కొడుకు పేరు రాసేయడం ఆనవాయితీ. స్టాంపు పేపరు మీద ముందే టైపు కొట్టించిన నో అబ్జెక్షన్ అఫిడవిట్ వస్తుంది. తల్లి ఒకచోట, చెల్లెలు ఇంకోచోట, వేలు పెట్టి చూపించిన చోటల్లా సంతకం చేస్తారు. నోటరీ బల్ల ముందు ఆ కాగితం చదివిన ఆడమనిషిని మీ మామ తన సర్వీసులో అరుదుగా చూశాడు.

మీ అమ్మకు నలభై రెండేళ్లు, ఇంటర్ పాసైంది. రిటైర్మెంటు వయసు 2022 నుంచి 62. అంటే ఆమెకు ఇరవై ఏళ్ల సర్వీసు ఉంటుంది, ఇల్లు ఆమె చేతిలో ఉంటుంది. నువ్వు గ్రూప్స్ రాస్తానంటున్నావు. ఈ కుర్చీలో కూర్చుంటే ఆ పుస్తకాలు మూలపడతాయేమో. చెల్లెలి మాటా అడగాలి. కొడుకులు లేని ఇంట్లో పెళ్లయిన కూతురు, పెళ్లికాని మైనరు కూతురు ఉంటే ఎవరికివ్వాలో తల్లే ఎంచుకోవచ్చని 1999 నాటి జీవో 350 చెప్పింది. ఆదోని దాటితే వచ్చే కర్ణాటకలో ఇంకో అడుగు ముందుకు వేశారు: పెళ్లయిందన్న కారణంతో కూతుర్ని తోసేయడం చెల్లదని 2020లో అక్కడి హైకోర్టు తీర్పిచ్చింది. మన ఇళ్లలో మాత్రం ఆ అమ్మాయిని అడిగేవాళ్లు ఇంకా తక్కువే.

ముగ్గురూ కూర్చుని మాట్లాడుకోండి. చివరికి నీ పేరే వస్తే సంతోషమే, కానీ మీ అమ్మ ఆ అఫిడవిట్ ఇంట్లో నింపాదిగా చదివాక రావాలి. ఈలోగా మరణ ధ్రువపత్రం, తహసీల్దారు ఇచ్చే కుటుంబ సభ్యుల సర్టిఫికెట్ సిద్ధం చేసుకో. రెండింటిలోనూ మీ నాయన పేరు, ఇంటిపేరు సర్వీస్ రిజిస్టర్‌లో ఉన్నట్టే ఉండాలి. ఒక్క అక్షరం తేడా వచ్చినా ఫైలు తిరిగొస్తుంది. దరఖాస్తు ఇచ్చినప్పుడు నకలు మీద ఆఫీసు ముద్ర, తేదీ వేయించుకో.

వచ్చే ఆదివారం మీ మామ ప్రొద్దుటూరు వస్తున్నాడు. అంతవరకు ఎక్కడా సంతకాలు పెట్టొద్దని అమ్మతో చెప్పు.

ఇట్లు,
మీ మామ