మోటారు ప్రమాదముల శేషబాధలు – వాని గుర్తు సంఖ్యలు

బెజవాడ బెంజ్ సర్కిలునొద్ద చెన్నై కలకత్తా రహదారియు, బందరు హైదరాబాదు రహదారియు కలిసికొనుచున్నవి. 2020వ సంవత్సరమున అచట పైవంతెన తెఱువబడిన పిమ్మట దూరప్రయాణపు లారీలు పైనుండి పోవుచున్నవి గాని, ఉయ్యూరు, కంకిపాడు, పెనమలూరు ప్రాంతములనుండి సరకులు తెచ్చు మన రైతులు క్రిందిదారినే రావలసియున్నది. ఆ దారిని గాయపడి కాలో చేయో పూర్వపుబలమును గోల్పోయినవారు మన సంఘ సభ్యులలోను గలరు. ఈ మాసమున ఎరువులను గూర్చి వ్రాయుట మాని, ఆసుపత్రి కాగితములను గూర్చి వ్రాయుచున్నాము. ఇట్లేల వ్రాయుచున్నామో చదువరులకు ముందే తెలియును.

వైద్యుడు రోగమును పేరుతో వ్రాయును. దానికి సరిపడు ఒక అక్షరమును, కొన్ని అంకెలును ఆసుపత్రి గుమాస్తా చేర్చును. ఈ పట్టిక ప్రపంచ ఆరోగ్య సంస్థవారిది. దాని పదవ కూర్పు 1990లో అంగీకరింపబడి 1994నుండి వాడుకలోనికి వచ్చెను. పదునొకండవ కూర్పు 2022 జనవరి 1వ తేదీనుండి అమలునకు వచ్చినను, మన ఆసుపత్రి కాగితములందు పదవ కూర్పు సంఖ్యలే పరిపాటిగా కనబడుచున్నవి. ఆ సంఖ్యలను రైతు కంఠస్థము చేయనక్కఱలేదు. తన కాగితముపై ఏమి వ్రాయబడినదో అడిగి తెలిసికొనునంతటి జ్ఞానము చాలును.

ప్రమాదము జరిగిన దినమున రెండు విధములైన సంఖ్యలు పడును. మొదటిది గాయమునకు, రెండవది గాయమైన విధమునకు. ఈ రెండవదానికి రోడ్డు ప్రమాదములలో ‘వి’ అను అక్షరము ముందుండును. మోటారుసైకిలువాడు కారునకు తగిలినచో వి 23, లారీకి గాని బస్సునకు గాని తగిలినచో వి 24. ఎద్దుబండిలోనివానికి వి 80, పొలపు ట్రాక్టరు మీదివానికి వి 84. బండ్లకును ట్రాక్టర్లకును వేఱువేఱు గదులుంచిన ఆ పట్టికకర్తలు మన వృత్తిని మఱవలేదనవచ్చును.

ఇక అసలు విషయమునకు వచ్చెదము. ఎముక అతికినది, కుట్లు ఊడదీసిరి, రోగి యింటికి వచ్చెను. ఏడాది గడచినను మోకాలు వంగదు. ఇది క్రొత్త గాయమా? కాదు. వట్టి మోకాలినొప్పియా? అదియు గాదు. దీనినే శేషబాధ యందురు. దివిసీమవారికి దీనిని వివరింప బనిలేదు. 1977 నవంబరు 19వ తేదీని ఉప్పెన వచ్చి మఱునాటికి నీరు తీసెను. నేలలో ఉప్పు మాత్రము నిలిచెను. తరువాతి యేడు నారు మాడిపోయినప్పుడు నేటి వ్యాధి ఉప్పు, దాని మూలము ఉప్పెన. ‘నారు మాడినది’ అని మాత్రమే వ్రాసిన కరణము అబద్ధమాడినవాడు కాడు గాని, సగమే చెప్పినవాడగును.

పట్టికయందును ఇట్లే మూడు మెట్లున్నవి. మొదట నేడు బాధించుచున్న స్థితి: కీలు బిగిసినచో యం 25.6, ఎముక వంకరగా అతికినచో యం 84.0, అసలే అతుకనిచో యం 84.1. పిమ్మట ఏ గాయముయొక్క శేషమో తెలుపునది: తొడయెముక విఱుగుటవలన నైనచో టి 93.1, తలలోపలి దెబ్బవలన నైనచో టి 90.5, వెన్నుపాము దెబ్బవలన నైనచో టి 91.3. కడపట కారణము: మోటారు వాహన ప్రమాదపు శేషము వై 85.0. ‘వి’ సంఖ్య ప్రమాదదినమునకు జెందినది. దానిని శేషబాధకు మరల వేయరాదు. శేషమని వైద్యుడు స్పష్టముగా వ్రాసినను, గాయమై యేడాది గాని అంతకు మించి గాని గడచినను ఈ సంఖ్యలు చెల్లును. రాడ్డు తీయించుకొనుటకై వచ్చినవానికి జెడ్ 47.0 వేయుదురు, అది శేషబాధ గాదు. ఆ కాలే మరల విఱిగినచో అది క్రొత్త గాయము.

అమెరికా దేశమువారు 2015 అక్టోబరునుండి ఈ కూర్పునే తమకు తగినట్లు విస్తరించి వాడుచున్నారు. అచట శేషబాధను గాయపు సంఖ్య కడపట ఏడవ స్థానమున ‘యస్’ అను అక్షరముతో తెలుపుదురు. బి.యస్సీ. చదివిన మన పిల్లలెందఱో హైదరాబాదున గూర్చుండి ఆ దేశపు రోగుల కాగితములకు ఈ యక్షరములు తప్పులేక వేయుచున్నారు. వారి తండ్రుల కాగితములలో ఆ యొక్కపంక్తి లేకుండుట మాకు కష్టముగా తోచినది.

ఒక సభ్యుని సంగతి చెప్పెదము. బెంజ్ సర్కిలు సమీపమున ఆయన స్కూటరును కారు గుద్దెను. తొడయెముక విఱిగి రాడ్డు వేయించుకొనెను. పదునాలుగు నెలలకు మోకాలు బిగిసి, నాట్ల మడిలో దిగలేక, గట్టుమీద కూర్చుండలేక వేఱొక వైద్యశాలకు పోగా ‘మోకాలినొప్పి’ యని చీటి యిచ్చిరి. పూర్వపు గాయముమాట లేదు, తేదీ లేదు. ఎదుటిపక్షపు వకీలు ఆ చీటిని చూపి, ఇది వయసుతో వచ్చిన అరుగుదల యనెను. నలుబది యేండ్లు నిండనివానికి అరుగుదల!

దీనివలన నష్టమెంతయో లెక్క చూడుడు. మోటారు ప్రమాద ట్రిబ్యునలువారు ఏడాది సంపాదనలో తగ్గిన భాగమును వయసునుబట్టి గుణింతురు. 2009లో సుప్రీముకోర్టు స్థిరపఱచిన వరుసప్రకారము 36 మొదలు 40 ఏండ్లవఱకు గుణకము 15. నెలకు 12,000 రూపాయలు వచ్చువానికి సంపాదనశక్తి నూటికి 30 వంతులు తగ్గినదని తేలినచో 6,48,000 రూపాయలు. పదివంతులే యనినచో 2,16,000. కాలు ఎన్ని వంతులు చెడినదో వైద్యుడు చెప్పును గాని, వృత్తి యెంత చెడినదో ట్రిబ్యునలే నిర్ణయింపవలెనని 2010లో అదే కోర్టు చెప్పినది. గుమాస్తాకు బిగిసిన మోకాలు వేఱు, వరిరైతునకు వేఱు. గుర్తు సంఖ్య తానై రూపాయ తెచ్చునది కాదు. వైద్యుని సాక్ష్యమే ముఖ్యము. కాని ఆ సాక్ష్యము ఏండ్లు గడచిన పిమ్మట ఈ కాగితములనుబట్టియే నడచును.

కావున శేషబాధతో వైద్యునొద్దకు పోవునప్పుడు మొదటి డిశ్చార్జి కాగితమును, గాయముల సర్టిఫికెట్టును, పోలీసువారి ప్రథమ సమాచార నివేదిక నకలును వెంట గొనిపోవలెను. ‘నొప్పి’ యని మాత్రమే చెప్పక, ఫలాని తేదీని రోడ్డు ప్రమాదమున విఱిగిన కాలిదే ఈ బాధయని చెప్పి, చీటిలో ఆ మాట వ్రాయుమని వినయముగా కోరవలెను. నిజముగా ఆ గాయమువలన గాని బాధను దానికి తగిలింపరాదు. అట్టిది కోర్టులో ఒక్క ప్రశ్నకు నిలువదు, నిజమైన బాధనుకూడ అనుమానములో పడవేయును. ఎక్స్‌రే ఫిల్ములు అటకమీది వేడికి అంటుకొనిపోవును. విడివిడిగా కాగితములలో చుట్టి పెట్టెయందుంచుడు. దావా వేయుటకు 2019 చట్టసవరణ, 2022 ఏప్రిలు 1నుండి అమలైనది, ఆఱు నెలల గడువు పెట్టినది గనుక శేషబాధ తేలువఱకు ఆగరాదు. ముందు దావా, పిమ్మట ఋజువులు.

మన సభ్యుడు ఆ ప్రకారమే ముందు దావా వేసియుండెను. ఈ యేడు పాతకాగితములన్నియు గొని ఎముకల వైద్యునొద్దకు మరల పోయెను. ఆయన ఫిల్ములు ప్రక్కప్రక్కన బెట్టి చూచి, మోకీలు బిగియుట తొడయెముక విఱుగుటకు శేషమనియు, అది మోటారు ప్రమాదము వలననే యనియు మూడుపంక్తులు వ్రాసి, క్రింద మూడు సంఖ్యలు వేయించెను. వ్యాజ్యమింకను నడుచుచున్నది.