బోల్టు రైఫిలును నింపుట, వాడుట, దాచుట: రైతులు పాటింపవలసిన జాగ్రత్తలు

పైరును విత్తుట యెంత ముఖ్యమో దానిని కాచుకొనుటయు నంత ముఖ్యము. అందుకై లైసెన్సు పొంది తుపాకి నుంచుకొను రైతులు కొందఱు గలరు. తాతలనాటి ఆయుధము తండ్రికిని, తండ్రినుండి కొడుకునకును లైసెన్సు మార్పుతో సంక్రమించిన యిండ్లును కలవు. కఱ్ఱ గుఱి తప్పినచో దెబ్బ కఱ్ఱ పొడవుననే ఆగును. రైఫిలు గుఱి తప్పినచో ఆ గుండు పొరుగూరి కళ్ళములో నున్న కూలివానిని చేరగలదు. తుపాకి ప్రమాదములలో చాలభాగము ఆయుధపు లోపమువలన గాక, ‘ఇది ఖాళీగానే యున్నది’ యను నమ్మకమువలన కలుగుచుండును. కావున ఈ సాధనమును నింపుటకు, ఖాళీ చేయుటకు, దాచుటకు అనుసరింపవలసిన పద్ధతి యిచ్చట క్రమముగా తెలుపబడుచున్నది.

1. ఆయుధ స్వరూపము

బోల్టు అనగా గడియ. తలుపు గడియవలెనే దీనికిని ఒక పిడి యుండును. పిడిని పైకెత్తి వెనుకకు లాగినచో గొట్టపు వెనుకభాగము తెరచుకొనును. ముందుకు నెట్టి పిడిని క్రిందికి దించినచో మూసికొని బిగియును. గొట్టపు వెనుకభాగమున తూటా యిముడు స్థలమును తూటాగది యందురు. గడియకు దిగువను తూటాపెట్టె యుండును. గడియ ముందుకు పోవునపుడెల్ల పెట్టెలోని పై తూటాను గదిలోనికి త్రోయును. గడియలోపల స్ప్రింగుతో బిగిసిన సూది యొకటి గలదు. ట్రిగ్గరు లాగినపుడు ఆ సూది తూటా యడుగున నున్న క్యాపును కొట్టును. క్యాపు మందును అంటించును. మందు గుండును వెడలగొట్టును.

మన దేశమున లైసెన్సుదారుల చేతులలో నున్న బోల్టు రైఫిళ్ళలో .315 అంగుళముల స్పోర్టింగు రైఫిలు మిక్కిలి ప్రసిద్ధము. ఇచ్ఛాపురము (బెంగాలు), తిరుచిరాపల్లి ప్రభుత్వ కర్మాగారములలో ఇది తయారైనది. సైనికులు వాడిన .303 రైఫిలు కొలత ప్రజలకు నిషిద్ధము గనుక ఈ వేఱు కొలత వాడుకలోనికి వచ్చెను. దీని గుండు సెకనునకు సుమారు 2000 అడుగుల వేగముతో గొట్టము విడుచును. శబ్దము సెకనునకు సుమారు 1100 అడుగులు మాత్రమే పోవును. అనగా గుండు తగులు మనుష్యునకు తుపాకి చప్పుడు ముందుగా వినబడదు. ‘కేక వేసి హెచ్చరించెదము’ అను మాట యిచ్చట చెల్లదు.

2. డెల్టా భూములలో ప్రత్యేకాపాయము

కొండ ప్రాంతమున గుండు గుట్టను తాకి ఆగును. అత్తిలి చుట్టుప్రక్కల అట్టి గుట్ట లేదు. 1852లో ధవళేశ్వరము ఆనకట్ట పూర్తియైన పిమ్మట గోదావరి కాలువలతో తడిసిన ఈ పడమటి డెల్టా బల్లపరుపు నేల. అత్తిలి, మంచిలి, ఆరవల్లి, రేలంగి మొదలగు గ్రామములు కొద్ది మైళ్ళలోనే కలవు. నిడదవోలు, భీమవరముల నడుమ రైలుదారి పొలములమధ్యనే పోవుచున్నది. రైఫిలు గుండు మైలు దాటి, ఎత్తుగా కాల్చినచో రెండు మైళ్ళవఱకును ప్రాణాపాయకరముగా పోగలదు. కావున ఇచ్చట అడ్డు లేని దిక్కునకు కాల్చిన ప్రతి గుండును ఏదో యొక ఊరివైపు కాల్చినట్లే యెంచవలెను.

రెండవది నీరు. నాట్లు వేసిన చేను, కాలువ, చేపల చెఱువు, వీనిపై ఏటవాలుగా పడిన గుండు మునిగిపోవునని పలువురు భ్రమపడుదురు. అది నీటిపై విసరిన పెంకు చందమున ఎగిరి, ఊహింపని దిక్కునకు పోవును. నీటి ఉపరితలమువైపు ఎన్నడును కాల్చరాదు.

మూడవది పైరు. సార్వా చేను ఈనిన పిమ్మట వంగి పనిచేయు మనిషి కనబడడు. చెఱకు తోటలో నిలుచున్నవాడును కనబడడు. ఆకు కదలుట జంతువనుటకు గుఱుతు కాదు. కుప్పనూర్పుల కాలమున కళ్ళములలో రాత్రులు మనుష్యులు పరుండియుందురు. జంతువు నిండుగ కంటబడి, దాని వెనుక నేమున్నదో స్పష్టముగ తెలిసినగాని కాల్చరాదు.

3. ఎన్నడును విడువరాని నాలుగు నియమములు

ఒకటి: ప్రతి తుపాకిని నింపియున్నదిగనే భావింపవలెను. ఇతరులు ‘ఖాళీ’ యని యిచ్చినను, చేత పుచ్చుకొన్నవాడు తానే గడియ తెఱచి చూడవలెను.

రెండు: గొట్టపు మూతిని ఏ ప్రాణివైపునకును త్రిప్పరాదు.

మూడు: గుఱి కుదిరి, కాల్చుటకు నిశ్చయించువఱకు వ్రేలు ట్రిగ్గరుపై నుంచరాదు, కఱ్ఱభాగము ప్రక్కన చాచి యుంచవలెను.

నాలుగు: గుఱిని మాత్రమే గాక, గుఱికి ముందున్నదియు, వెనుక నున్నదియు నెఱుగవలెను.

ఈ నాలుగింటిలో ఒకటి తప్పినను తక్కినవి ప్రాణము కాపాడవచ్చును. రెండు ఒక్కసారి తప్పినపుడే మరణము సంభవించును.

4. నింపుటకు పూర్వము

మొదట గడియను వెలుపలికి తీసి గొట్టములోనుండి వెలుతురు చూడవలెను. మాగాణి గట్లపై జాఱిపడినవాని తుపాకి మూతిలో బురద చేరును. గోడకు ఆనించిన తుపాకిలో కందురీగ మట్టిగూడు కట్టును. శుభ్రము చేసిన గుడ్డపీలిక లోపలనే ఉండిపోవుటయు గలదు. ఈ అడ్డు ఎంత చిన్నదైనను గుండు వెనుకటి ఒత్తిడికి గొట్టము పగులును. పగిలిన ఇనుపముక్క కాల్చువాని ముఖముననే తగులును.

గడియపై నుండు సంఖ్య తుపాకి సంఖ్యతో సరిపోవుచున్నదేమో చూడవలెను. ఒక తుపాకి గడియ మఱియొక దానిలో దూరినంత మాత్రమున తగినదని తలపరాదు. గదికిని గడియకును నడుమ సందు హెచ్చినచో తూటా యడుగు చీలి వేడివాయువు కంటికి కొట్టును. తూటాలును తుపాకి కొలతవే కావలెను. చిలుము పట్టినవి, నొక్కుపడినవి, వానలో నానినవి విడిగా నుంచి, లైసెన్సు గల వర్తకునకో పోలీసు ఠాణాకో అప్పగింపవలెను. వానిని నిప్పులో వేయుట, చెఱువులో పాఱవేయుట కూడదు.

5. నింపు విధము

తుపాకి మూతిని మెత్తని నేలవైపు, కాళ్ళకు దూరముగా, నిలుపవలెను. వ్రేలు ట్రిగ్గరునకు వెలుపల నుండవలెను. గడియను తెఱచి గది ఖాళీగ నున్నదని చూచిన పిమ్మటనే తూటాలు పెట్టెలో నుంచవలెను.

.315 తూటా యడుగున అంచు వెలికి చొచ్చియుండును. పెట్టెలో పై తూటా అంచు, క్రింది తూటా అంచునకు ముందువైపున నుండునట్లు అమర్చవలెను. తారుమారైనచో ఒకదాని అంచు మఱియొకదానిని పట్టుకొని గడియ సగములో ఆగును. అట్టిచో బలముగా గ్రుద్దరాదు. పెట్టె వెలుపలికి తీసి సరిచేయవలెను.

పెట్టెలో తూటాలుండి గది ఖాళీగ నుండు స్థితి వేఱు. గదిలో తూటా యుండు స్థితి వేఱు. పొలమునకు నడచునపుడు మొదటి స్థితి చాలును. గదిలోనికి తూటాను త్రోయుట, కాల్చుటకు స్థిరముగ కూర్చున్న పిమ్మట మాత్రమే జరుగవలెను.

సూది స్ప్రింగు కొన్ని రైఫిళ్ళలో గడియను ముందుకు నెట్టునపుడును, కొన్నిటిలో పిడిని పైకెత్తునపుడును బిగియును. ఎట్లైనను గడియ మూసిన క్షణముననే ఆయుధము కాల్పునకు సిద్ధమైనట్లు. వెంటనే సేఫ్టీని వేయవలెను. అయితే సేఫ్టీ యనునది ఇనుపముక్క. అఱిగిపోవచ్చును, చేయి తగిలి జాఱవచ్చును. పైగా పలు రైఫిళ్ళలో సేఫ్టీ తీసినగాని గడియ తెరచుకొనదు. కావున నింపునపుడును ఖాళీ చేయునపుడును గొట్టపు దిక్కే నిజమైన రక్షణము.

6. ఖాళీ చేయు విధము

ప్రమాదములు హెచ్చుగా ఇచ్చటనే కలుగును. వరుస తప్పరాదు.

మొదట తూటాపెట్టెను ఊడదీయవలెను. పిమ్మట గడియను తెఱచి గదిలోని తూటాను వెలికి దీయవలెను. ఈ వరుస తలక్రిందులైనచో, గదిలోని తూటా బయటపడినను, గడియ మూయగనే పెట్టెలోని మఱియొక తూటా గదిలోనికి పోవును. కాల్చువాడు ఖాళీ చేసితిననుకొని ట్రిగ్గరు లాగును. అట్లే పెట్టె తీసి గదిని మఱచుటయు గలదు. పెట్టె చేతిలోనికి వచ్చినను ఒక తూటా గదిలో నిలిచియే యుండును.

పిమ్మట కంటితో చూచి, చిటికెనవ్రేలు గదిలో పెట్టి తడవవలెను. చీకటిలో కన్ను మోసగించును గాని వ్రేలు మోసగింపదు. కడపట లెక్క చూడవలెను: పెట్టినవి ఎన్ని, కాల్చినవి ఎన్ని, చేతికి వచ్చినవి ఎన్ని. ధాన్యపు బస్తాల లెక్క తప్పినచో రొక్కము పోవును. ఈ లెక్క తప్పినచో మనిషి పోవును. లెక్క సరిపోవువఱకు ఇంటిలో అడుగిడరాదు.

7. తూటా పేలనపుడు

ట్రిగ్గరు లాగినను తూటా పేలనిచో గడియను తటాలున తెఱవరాదు. చెమ్మగిలిన మందు నిదానముగా అంటుకొని, కొంత జాగుచేసి పేలవచ్చును. మూతిని అదే దిక్కున నిలిపి ఒక నిండు నిముషము ఓపికపట్టి, ముఖము ప్రక్కకు త్రిప్పి గడియ తెఱవవలెను.

చప్పుడు మామూలుకంటె మందముగా వినబడినచో ప్రమాద మింకను పెద్దది. గుండు గొట్టములోనే చిక్కియుండవచ్చును. దానివెనుక మఱియొక గుండు కాల్చినచో గొట్టము పగులును. వెంటనే ఆపి, ఖాళీ చేసి, గొట్టము గుండ వెలుతురు కనబడునేమో చూడవలెను. కనబడనిచో తుపాకి పనివానికే చూపవలెను.

8. గట్టుపై, కాలువపై, మంచెపై

తాటిదుంగ వంతెన దాటునపుడు, ముండ్లకంచె దాటునపుడు, పడవ యెక్కునపుడు తుపాకిని పూర్తిగా ఖాళీ చేయవలెను. ఎడ్లబండిలో గాని ట్రాక్టరులో గాని మోటారు సైకిలుపై గాని నింపిన తుపాకి యుండరాదు. ఇద్దఱు కలసి నడచునపుడు ఒకని గొట్టము మఱియొకనివైపు నుండకూడదు.

మంచె యెక్కువాడు తుపాకిని చేత పట్టుకొని యెక్కరాదు. ఖాళీ చేసి, గడియ తెఱచి, త్రాటితో కట్టి, మూతి క్రిందికి నుండునట్లు తరువాత పైకి లాగుకొనవలెను. మూతి తనవైపు నుండగా లాగుట పలువురి ప్రాణములు తీసినది. అయితే మంచెవలన ఒక మేలు గలదు. పైనుండి క్రిందికి కాల్చుటచే గుండు నేలలో దిగి ఆగును. ఆ నేల పొడిమట్టియై యుండవలెను. రాయియు నీరును గాదు.

కల్లు సేవించినవాడు తుపాకి ముట్టరాదు. నిద్రమత్తులో నున్నవాడును అట్లే.

9. ఇంటిలో

గడియ, తూటాలు, తుపాకి మూడును వేర్వేఱు తాళములలో నుండవలెను. తాళపుచెవులు యజమాని యొద్దనే యుండవలెను. ధాన్యపు గాదెచాటున, దూలముపైన దాచిన తుపాకి పిల్లలకు దొరకకుండునని తలచుట పొరపాటు. ఇంటిలో ఏ వస్తువు ఎచ్చట నున్నదో పిల్లలకే ముందు తెలియును. వానకాలమున పదిదినముల కొకసారి గొట్టమును వెనుకవైపునుండి తుడిచి పలుచగా నూనె పూయవలెను. కాల్చుటకు ముందు ఆ నూనెను తుడిచివేయవలెను.

10. చట్టము

1878 నాటి చట్టమునకు బదులు 1959లో వచ్చిన ఆయుధచట్టము ఇప్పుడు అమలులో నున్నది. లైసెన్సు లేక రైఫిలు నుంచుకొనుట నేరము. 2019 సవరణముచే ఒకనికి రెండు ఆయుధములకు మించి యుండరాదు; లైసెన్సు గడువు మూడేండ్లనుండి అయిదేండ్లకు పెరిగెను. పెండ్లి ఊరేగింపులలో, జాతరలలో వేడుకకై కాల్చి ఇతరులకు అపాయము కలిగించువానికి రెండేండ్లవఱకు ఖైదు గాని, లక్ష రూపాయలవఱకు జుల్మానా గాని, రెండును గాని విధింపవచ్చును. ఆకాశమునకు కాల్చిన గుండు ఆకాశముననే ఉండిపోదు. లైసెన్సుదారుడు మరణించినచో వారసులు ఆయుధమును ఆలస్యము లేక ఠాణాలో గాని, లైసెన్సు గల వర్తకునియొద్ద గాని అప్పగించి, తమ పేర లైసెన్సునకు దరఖాస్తు చేసికొనవలెను.

తుపాకి లైసెన్సు వేట లైసెన్సు కాదు. 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టము ననుసరించి అడవిపంది సైతము రక్షణ పొందినదే. పంటనష్టము హెచ్చైనచో అధికారము గల అటవీ అధికారి వ్రాతమూలకమైన అనుమతి పొందినగాని కాల్చరాదు. కొల్లేరు 1999లో అభయారణ్యముగా ప్రకటింపబడినది. చేపల చెఱువులపై వ్రాలు పక్షులను వలలతోను చప్పుళ్ళతోను తోలవలెనే గాని తుపాకి నెత్తరాదు.

పందిచే పోయిన పంట మఱుసటి కారునకు తిరిగి పండును. అనుమానము కలిగిన చోట కాల్చక గడియ తెఱచి ఇంటికి మరలిన రైతు ఏమియు నష్టపోలేదని గ్రహింపవలెను.