గడువు దాటిన హక్కు

ఇద్దరు మనుషులు ఒక పాత వారసత్వ ఆస్తి తగాదాను దైవప్రవక్త ముహమ్మద్ (స) సన్నిధికి తెచ్చారు. ఇద్దరి దగ్గరా నోటిమాటలే తప్ప సాక్ష్యాధారాలు లేవు. దైవప్రవక్త (స) తానూ మనిషినేనని, విన్నదాన్ని బట్టే తీర్పు చెబుతానని వారికి చెప్పారు. ఒకరు రెండోవారికంటే నేర్పుగా వాదించి సోదరుని హక్కును గెలుచుకోవచ్చు, అలా దక్కింది నరకాగ్ని ముక్కేనని హెచ్చరించారు. ఆ మాట విని ఇద్దరూ ఏడ్చేశారు. తన హక్కు అవతలివారికే ఇచ్చేస్తానని ఎవరికి వారు అన్నారు. హజ్రత్ ఉమ్మె సలమా (రజి) ఉల్లేఖించిన ఈ సంఘటన అబూదావూద్ హదీసు గ్రంథంలో ఉంది.

తీర్పరి స్వయంగా దైవప్రవక్త (స) అయినా ఇతరుల సొత్తు ఆ తీర్పుతో హలాల్ కాదన్నమాట. మరి వకీలు వెతికిపెట్టిన లొసుగుతో గెలిచిన సొత్తు మాటేమిటి?

అలాగని నియమాలు అనవసరమని మేము అనడం లేదు. దివ్యఖుర్ఆన్‌లోని అతి పొడవైన ఆయత్ (అల్ బఖర 282) అప్పు పత్రం గురించి, సాక్షుల గురించే. హజ్రత్ ఉమర్ (రజి) హజ్రత్ అబూమూసా అష్అరీ (రజి)కి రాసినదిగా ప్రసిద్ధమైన లేఖలో గడువు ప్రస్తావన కూడా ఉంది. అయితే ఆ గడువు ఫిర్యాదీ తన రుజువు తెచ్చుకోవడానికి ఇచ్చేది! నిన్నటి తీర్పు పొరపాటని తోస్తే సత్యం వైపు మరలడానికి వెనుకాడవద్దని కూడా అందులో ఉంది.

మన సుప్రీంకోర్టు 1987లో అనంతనాగ్ కలెక్టరు, కాతిజీల కేసులో ఇలాంటి దారే పట్టింది. భూమి నష్టపరిహారంపై ప్రభుత్వం వేసిన అప్పీలు 4 రోజులు ఆలస్యమైందని హైకోర్టు కొట్టేసింది. సుప్రీంకోర్టు ఆ ఆలస్యాన్ని మన్నించి, అసలు వివాదాన్ని విచారించమని తిప్పి పంపింది. తలుపు మూసేస్తే న్యాయమైన కేసు గడపలోనే చచ్చిపోవచ్చు. తెరిస్తే మహా అయితే ఇరుపక్షాలనూ విని తీర్పు ఇవ్వాల్సి వస్తుంది, అంతే కదా అన్నది దాని తర్కం.

కాని ఈ వెసులుబాటు అప్పీళ్లకు, దరఖాస్తులకే గాని అసలు దావాకు లేదు. 1963 నాటి కాలపరిమితి చట్టం ప్రకారం మామూలు చేబదులుకు గడువు 3 ఏళ్లు. అది దాటాక వేసిన దావాను కోర్టు కొట్టేయాల్సిందే. ‘ఇక వాడేం చేయలేడులే’ అని నవ్వుకునేవారు మన ఇళ్లలోనూ ఉన్నారు, అయిదు పూటలా నమాజు చేసేవారిలోనూ ఉన్నారు. చెల్లెలి వాటా విషయంలో ‘ఇన్నేళ్లూ అడగలేదుగా’ అనడం కూడా ఈ కోవలోనిదే.

19వ శతాబ్దంలో ఉస్మానియా ఖిలాఫత్ రూపొందించిన ‘మజల్లా’ న్యాయస్మృతి ఈ ముడిని చక్కగా విప్పింది. అప్పు, వారసత్వం వంటి దావాలను 15 ఏళ్లు దాటాక ఖాజీ వినడు. అయినా కాలం గడిచినంత మాత్రాన హక్కు పోదని 1674వ నిబంధన. ప్రతివాది ఖాజీ ఎదుట నిజం ఒప్పుకుంటే చాలు, గడిచిన ఏళ్లు లెక్కలోకి రావు.

మన దేశ చట్టంలోనూ కాలం తీరిన అప్పును తీరుస్తానని రాసి సంతకం పెట్టి ఇస్తే ఆ కాగితం చెల్లుతుంది. ఈ రోజు చెల్లించే స్తోమత లేనివారు కనీసం అదైనా రాసివ్వవచ్చు. అప్పిచ్చినవారు చనిపోయి ఉంటే ఆ సొమ్ము వారి వారసులది.