మోటారుకారునకు మాఱుచక్రములు

కారు వెనుకభాగమున నదనముగా నుంచు చక్రమును మన దేశమున డ్రైవర్లు, మెకానిక్కులు, ప్రయాణికులు నందఱును "స్టెప్నీ" యని పిలుచుచుందురు. ఈ మాట యొక వీధి పేరు. వేల్సు దేశమందలి లనెల్లీ పట్టణమున స్టెప్నీ వీధి కలదు. ఆ యూర డేవీసు సోదరులు 1904 ప్రాంతమున నొక క్రొత్త సాధనమును కల్పించిరి. అది ఆకులు లేని రిమ్ము. దానికి గాలి నింపిన టైరు తొడిగియుండును. దారిలో పంక్చరైనప్పుడు పాడైన చక్రమును విప్పక, దాని ప్రక్కనే యీ రిమ్మును పట్లతో బిగించి యిల్లు చేరుకొనవచ్చును. ఆ కాలపు కార్లలో పెక్కింటికి అదనపు చక్రమే యుండెడిది కాదు గనుక స్టెప్నీకి మిక్కిలి గిరాకి కలిగెను. వస్తువు మాయమైనది, పేరు మాత్రము మన నోట నిలిచినది.

ఆనాడు కొనువాడు ముఖ్యముగా చూడవలసినది తన రిమ్ము కొలత యొక్కటే. ఇప్పటి కారునకు మాఱుచక్రము కొనువాడు ఆఱేడు కొలతలు చూడవలెను. వానిలో కంటికి కనబడునవి రెండో మూడో. తక్కినవి చక్రము వెనుక దాగియుండును. చక్రము బోల్టులపైకి ఎక్కినచో సరిపోయినట్లే యని పలువురు తలంతురు. ఎక్కుట వేఱు, సరిపోవుట వేఱు. ఈ భేదమును మా విద్యార్థులకును, సొంత కారుగల తలిదండ్రులకును తెలియజేయుటయే మా యుద్దేశము. ఇది యలంకారమునకు సంబంధించిన మాట కాదు. గంటకు 80 కిలోమీటర్ల వేగమున పోవు చిన్న కారు చక్రము సెకనునకు పదకొండు మారులు తిరుగును. పిల్లలతో సహా కుటుంబమంతయు నాలుగు చక్రముల మీద, ఒక్కొక్క చక్రము నాలుగైదు నట్ల మీద ఆధారపడియుండును.

మొదట నొక పొరపాటు తలంపును తొలగింపవలెను. కారు బరువు బోల్టులపై వ్రేలాడుచున్నదని పలువురి భావన. నిజమునకు నట్టును బిగించినప్పుడు బోల్టు రవంత సాగి, తీగవలె లాగబడి, చక్రమును హబ్బు ముఖమునకు గట్టిగా నదుముచున్నది. 12 మిల్లీమీటర్ల బోల్టును 100 న్యూటన్ మీటర్ల బలముతో బిగించినచో, ఆ యొక్క బోల్టే సుమారు నాలుగు టన్నుల బరువునకు సమానమైన యొత్తిడిని కలిగించును. ఈ యొత్తిడివలన రెండు లోహముఖముల నడుమ పుట్టు ఘర్షణయే చక్రమును జాఱనీయక నిలుపుచున్నది. కావున చక్రపు ముఖము హబ్బుపై చదునుగా కూర్చుండవలెను. నట్టు తన గుంటలో నిండుగా కూర్చుండవలెను. ఈ రెంటిలో నేది తప్పినను, ఎంత గట్టిగా బిగించినను ఆ యొత్తిడి నిలువదు. ఇక చెప్పబోవు కొలతలలో పెక్కు ఈ సూత్రము నుండి పుట్టినవే.

గత సంవత్సరము మా పాఠశాల స్విఫ్టు కారు రాత్రివేళ గోతిలో పడగా రెండు రిమ్ములు వంగినవి. పాతసామానుల వర్తకు డొకడు హోండా సిటీనుండి తీసిన అల్లాయి చక్రములను చూపి, "నాలుగు రంధ్రములకు నాలుగు రంధ్రములు, నూఱునకు నూఱు, కన్నులు మూసికొని బిగించుకొనుడు" అనెను. అతడు చెప్పిన నూఱు, బోల్టుల వృత్తపు వ్యాసము. చక్రపు నాలుగు రంధ్రముల కేంద్రముల గుండా నొక వృత్తమును గీచినచో దాని వ్యాసమే యిది. వ్యాపారులు దీనిని పి. సి. డి. యందురు. స్విఫ్టునకును సిటీకిని 4 రంధ్రములు, 100 మిల్లీమీటర్లు. ఇందులో నసత్యము లేదు. అయినను మా పదవ తరగతి విద్యార్థులు భౌతికశాస్త్ర ప్రయోగశాలలోని వెర్నియరు కాలిపర్సును తీసికొనిపోయి రెండు చక్రముల నడిమి రంధ్రములను కొలిచిరి. మాదానిది 54.1 మిల్లీమీటర్లు, అంగడి చక్రమునది 56.1. తరగతిలో ఇత్తడి గోళములను కొలుచునప్పుడు "ఈ దశాంశముతో మనకేమి పని" యని సణగు బాలురే, ఆనాడు 2 మిల్లీమీటర్ల భేదమును వర్తకుని ముందు బెట్టిరి.

ఆ భేదమువలన నేమగును? హబ్బు నడుమ గుండ్రని గట్టు ఒకటి పైకి వచ్చియుండును. చక్రపు నడిమి రంధ్రము ఆ గట్టుపై బిగువుగా కూర్చుండినచో చక్రము తనంతట తాను కేంద్రమున నిలుచును. రంధ్రము 2 మిల్లీమీటర్లు పెద్దదైనచో చుట్టును ఒక మిల్లీమీటరు ఖాళీ యుండును. చక్రమును నడుమకు తెచ్చు భారమంతయు నట్ల మీద పడును. బిగించువాడు తొందరపడి ఒక ప్రక్కనే మొదట గట్టిగా బిగించినచో చక్రము వెండ్రుకవాసి ప్రక్కకు నిలుచును. వేగము హెచ్చినకొలది స్టీరింగు వణకును. యజమానుడు బ్యాలెన్సింగునకు మరల మరల డబ్బు పోయును, వణకు తగ్గదు. దీనికి మందు చవుకైనదే: ఆ ఖాళీని నింపు ఉంగరములు ప్లాస్టిక్కుతోను, అల్యూమినియముతోను చేసినవి దొరకును. సరియైన కొలత ఉంగరము వేసినచో పెద్ద రంధ్రము దోషము కాదు. చిన్న రంధ్రమునకు మాత్రము ఉపాయము లేదు. స్విఫ్టు చక్రము సిటీ హబ్బుపైకి ఎక్కనే యెక్కదు.

బోల్టుల వృత్తము విషయమున నింతకంటె ప్రమాదకరమైన భేదమొకటి కలదు. ఫియట్ వారి యూనో, పాలియో కార్ల వృత్తము 98 మిల్లీమీటర్లు. 98 గల చక్రమును 100 గల హబ్బుపై పెట్టినచో నడిమి రంధ్రము పెద్దదే గనుక సులువుగా ఎక్కును; నట్లు కూడ తిరుగును. కాని ప్రతి రంధ్రమును తన బోల్టునకు ఒక మిల్లీమీటరు తప్పియుండును. నట్టు గుంటలో ఒక ప్రక్కనే ఆనును. బోల్టు ఎల్లప్పుడు ప్రక్కకు వంగుచు, నిమురుచు నుండును. ఇట్టి చక్రము నట్లు తమంతట వదులగుట, కొంతకాలమునకు బోల్టు తెగుట ఆశ్చర్యము కాదు. "ఎక్కినది గదా" యను మాటకు ఇంతకంటె చెడ్డ ఉదాహరణము మాకు తెలియదు.

ఈ వృత్తమును ఇంటివద్దనే కొలువవచ్చును. నాలుగు రంధ్రముల చక్రమైనచో ఒక రంధ్రపు ఎడమ యంచునుండి ఎదుటి రంధ్రపు ఎడమ యంచువఱకు కొలిచిన చాలును. అయిదు రంధ్రములకు ఎదురెదురు రంధ్రములుండవు. అప్పుడు ఒక రంధ్రమును విడిచి దాని తరువాతి రంధ్రమునకు గల దూరమును కొలిచి 0.951 చేత భాగింపవలెను. 72 డిగ్రీల సైను 0.951 అని యెఱిగిన విద్యార్థులు దీని యుపపత్తిని తామే సాధింపగలరు. ఇన్నోవా చక్రమునందు ఈ దూరము 108.7 వచ్చును, భాగించిన 114.3. ఈ వింత దశాంశము నాలుగున్నర అంగుళముల కొలతకు మిల్లీమీటర్ల వేషము. జర్మను కార్లలో ననేకములకు 112 గలదు. 112 చక్రమును 114.3 హబ్బున కెక్కింప యత్నించువారు నేటికిని కలరు.

మా కారు కథలో ఇంకొక చిక్కు మిగిలియున్నది. సుజుకీ, నిస్సాన్ కార్ల బోల్టులకు మరల నడిమి దూరము 1.25 మిల్లీమీటర్లు, హోండా, టొయోటా, హ్యుండాయి కార్లకు 1.5. రెండును 12 మిల్లీమీటర్ల లావే గనుక కంటికి ఒక్కటే. చక్రములతో బాటు ఆ వర్తకుడు ఉచితముగా నీయజూపిన హోండా నట్టు, మా కారు బోల్టుపై రెండు చుట్లు తిరిగి బిగుసుకొనెను. గాలి తుపాకితో బలవంతముగా త్రిప్పినచో అది లోనికి పోయియుండెడిదే. బోల్టు మరలు మాత్రము చెడియుండెడివి. హోండా చక్రముల నట్టు గుంట గోళాకారమున నుండును. పెక్కు ఇతర చక్రములకు 60 డిగ్రీల శంకువు ఆకారము. కొన్ని టొయోటా అల్లాయిలకు చదును బిళ్లగల నట్టు. శంకువు నట్టును గోళపు గుంటలో పెట్టినచో సన్నని గీతవలె మాత్రమే తాకును. నట్టు మరలు కారు బోల్టునకును, నట్టు ముఖము చక్రపు గుంటకును సరిపడవలెను. ఒకటి చూచి రెండవది విడువరాదు. చేతితోనే ఎనిమిది చుట్లయినను సాఫీగా ఎక్కవలెను. అల్లాయి చక్రము నడుమ మందమగుటచేత బోల్టు కొన పొట్టియగును. ఈ లెక్క అచ్చట అవసరము. మేము ఆ చక్రములను వలదని, కారు తయారుచేసినవారి స్టీలు రిమ్ములనే రెండు కొంటిమి. అందమున తక్కువయే, కాని మా జిల్లా రోడ్లపై గోతిలో పడిన స్టీలు వంగును, అల్లాయి పగులును. వంగినదానిని చూచి తెలిసికొనవచ్చును. పగులును వెదకి పట్టుకొనవలెను. పగిలిన అల్లాయిని వెల్డింగు చేయించి వాడుట మాకు సమ్మతము కాదు.

ఇక ఆఫ్‌సెట్టు. చక్రపు వెడల్పునకు నట్టనడుమ నొక గీతను ఊహింపుడు. హబ్బును తాకు ముఖము ఆ గీతకు ఎన్ని మిల్లీమీటర్లు వెలుపల నున్నదో అదియే ఆఫ్‌సెట్టు. రిమ్ము వెనుక ఇ. టి. అను అక్షరముల ప్రక్కన చెక్కియుండును. 5 అంగుళముల వెడల్పు, 45 ఆఫ్‌సెట్టు గల రిమ్మును తీసి, 6 అంగుళములు, 35 గల దానిని వేసితిమనుకొనుడు. మొదటిదానికి వెడల్పులో సగము 63.5; దానినుండి 45 తీసివేయగా వెలుపలి యంచు హబ్బు ముఖమునకు 18.5 మిల్లీమీటర్ల దూరము. రెండవదానికి 76.2 నుండి 35 పోగా 41.2. అనగా వెలుపలి యంచు దాదాపు 23 మిల్లీమీటర్లు బయటికి వచ్చును. లోపలి యంచు సుమారు 3 మిల్లీమీటర్లు లోనికి పోవును. టైరు మడ్‌గార్డునకు ఒరయుట, బేరింగులపై భారము హెచ్చుట, గోతిలో పడినప్పుడు స్టీరింగు చేతిలో గట్టిగా గుంజుట దీని ఫలములు. ఖాళీ కారులో ఒరయని టైరు, నలుగురు కూర్చుండి స్టీరింగు పూర్తిగా త్రిప్పినప్పుడు ఒరయవచ్చును. పరీక్ష అట్లే చేయవలెను. చక్రము లోపల బ్రేకు కాలిపరు తగులకుండుటను గూడ, కారును జాకీనుండి దింపకమునుపే చేతితో త్రిప్పి చూచుకొనవలెను.

టైరు కొలతలు చాలమందికి తెలిసినవే, క్లుప్తముగా చెప్పెదము. స్విఫ్టు కారునకు కొన్ని రకములలో 165/80 ఆర్ 14, కొన్నింటిలో 185/65 ఆర్ 15 వచ్చినవి. వెడల్పులో 80 వంతుల చొప్పున ప్రక్కగోడ యెత్తును కట్టి, రెట్టించి, 14 అంగుళములను మిల్లీమీటర్లుగా మార్చి కలుపగా మొదటిదాని మొత్తము వ్యాసము 619.6, రెండవదానికి 621.5. రిమ్ము అంగుళము పెరిగినను మొత్తము రెండు మిల్లీమీటర్లే పెరిగినది. తయారుచేసినవారు ఎంపిక చేయు పద్ధతి ఇదియే. దానికి బదులు 195/65 ఆర్ 15 వేసినచో 634.5 అగును, స్పీడోమీటరు నూఱు చూపునప్పుడు కారు 102కు పైగా పోవుచుండును. చివర నుండు 85, 88 వంటి సంఖ్యలు భారమును తెలుపును: 85 అనగా ఒక టైరు 515 కిలోలు, 88 అనగా 560. ఈ సంఖ్య పాతదానికంటె తగ్గరాదు. రిమ్మునకు కూడ ఇట్టి భారపరిమితి కలదు. మంచి రిమ్ముల వెనుక అది చెక్కియుండును. జపానువారి జె. డబ్ల్యు. ఎల్. గుర్తు పరీక్షకు నిలిచిన అల్లాయిని సూచించును. వెల చవుకగా దొరకు నకళ్లపై ఆ గుర్తును పోతపోయుట కష్టము కాదు గనుక, గుర్తుతో బాటు అమ్మువాని యోగ్యతను గూడ చూడవలెను. తేపుతో రిమ్ము బయటి యంచును కొలిచి "ఇది పదునాఱు" అనువారిని నమ్మరాదు. టైరు కూర్చుండు లోపలి మెట్టు వద్దనే కొలత.

1988 నాటి మోటారు వాహనముల చట్టము 52వ సెక్షను, కారు స్వరూపమును తయారీదారుని వివరములకు భిన్నముగ మార్చుటను నిషేధించుచున్నది. డ్రైవరు తలుపు ప్రక్కన నంటించిన చీటిలోను, కారుతో వచ్చిన పుస్తకములోను గల కొలతలకు లోబడియుండువారికి దీనివలన చిక్కు లేదు.

బిగించునప్పుడు హబ్బు ముఖముపై తుప్పును, మట్టిని ఇనుప బ్రష్షుతో తుడువవలెను. బోల్టు మరలకు నూనెగాని గ్రీసుగాని రాయుట మన మెకానిక్కులకు పరిపాటి. రాచినచో అదే బలమునకు బోల్టు మితిమీఱి సాగును. నట్లను ఎదురెదురుగా, రెండు మూడు విడతలలో బిగింపవలెను. చిన్న కార్లకు సాధారణముగా 85 మొదలు 110 న్యూటన్ మీటర్లు. మీ కారు అంకె పుస్తకములో నుండును. వంద యనగా అరమీటరు పొడవుగల పానా కొనయందు సుమారు 20 కిలోల బలము. పానాపై నిలుచుండి త్రొక్కువాడు దీనికి మూడింతలు వేయుచున్నాడు. 50 మొదలు 100 కిలోమీటర్లు నడచిన పిమ్మట నొకమాఱు మరల బిగువు చూడవలెను.

స్టెప్నీని మఱవరాదు. నాలుగు చక్రములను అల్లాయిలుగ మార్చి అయిదవదానిని స్టీలుగనే యుంచువారు, ఆ స్టీలు రిమ్మునకు తగిన నట్లను ఒక సంచిలో కట్టి దానితోనే యుంచవలెను. కొన్ని కార్లకు సన్నని తాత్కాలిక చక్రము ఇత్తురు. దానిపై గంటకు 80 కిలోమీటర్లు మించరాదని వ్రాసియుండును. దాని గాలి మామూలు టైరుకంటె చాల హెచ్చు. పెక్కింటికి 60 పౌనులు. మా కారు స్టెప్నీలో గాలిని ప్రతినెల మొదటి సోమవారమున తొమ్మిదవ తరగతి బాలురు చూచి, అంకెను గోడ పలకపై వ్రాయుచున్నారు.