బిల్లు ఆగితే ఏ కోర్టుకు వెళ్లాలి?

2025 మార్చిలో కొందరు చిన్న కాంట్రాక్టర్లు హైదరాబాద్ సచివాలయంలో తెలంగాణ ఉప ముఖ్యమంత్రి చాంబర్ ఎదుట బైఠాయించారు. చేసిన పనులకు బిల్లులు ఇప్పించమన్నదే వాళ్ల గోడు. ఆంధ్రప్రదేశ్‌లోనూ ఇది కొత్త మాట కాదు. రోడ్డు వేసేశారు, కొలతల పుస్తకం ఎం-బుక్‌లో కొలతలు ఎక్కాయి, బిల్లు ప్రభుత్వ ఆన్‌లైన్ చెల్లింపుల వ్యవస్థ సీఎఫ్ఎంఎస్‌లోకి వెళ్లింది. డబ్బు మాత్రం ఖాతాలో పడదు. ఈలోగా సిమెంటు కొట్టుకూ, కూలీలకూ, వడ్డీకి ఇచ్చినవాళ్లకూ జవాబు చెప్పుకోవాల్సింది కాంట్రాక్టరే.

కోర్టుకు వెళ్లే దారి ఉంది. ఏ కోర్టన్నది ప్రధానంగా ఒక్క ప్రశ్న తేలుస్తుంది: బాకీ ఉన్నట్టు శాఖ ఒప్పుకుంటోందా, లేదా?

ఇంజినీర్లు కొలతలు తీసి, బిల్లు పాస్ చేశాక నిధుల్లేవంటూ ఆపితే, రాజ్యాంగం 226వ అధికరణ కింద హైకోర్టులో రిట్ వేయవచ్చు. ఇది కాంట్రాక్టు గొడవ, రిట్ చెల్లదని ప్రభుత్వ న్యాయవాది వాదించవచ్చు. కాంట్రాక్టు వ్యవహారమన్న ఒక్క కారణంతో రిట్‌ను తోసిపుచ్చనక్కర్లేదని ఏబీఎల్ ఇంటర్నేషనల్ కేసులో 2003లోనే సుప్రీంకోర్టు చెప్పింది. 2021 అక్టోబరులో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఏళ్లుగా ఆగిపోయిన ఉపాధి హామీ పనుల బిల్లులను 12 శాతం వడ్డీతో నాలుగు వారాల్లో చెల్లించమని ఆదేశించింది కూడా రిట్ పిటిషన్ల మీదే.

కొలతలు తప్పనో, నాణ్యత లేదనో, అదనపు పనికి అనుమతి లేదనో శాఖ అడ్డుతగిలితే కథ వేరు. సాక్ష్యాలు విచారించి తేల్చాల్సిన వివాదాల్లోకి హైకోర్టు సాధారణంగా దిగదు. అప్పుడు ముందు అగ్రిమెంటు చూడాలి. ఆర్బిట్రేషన్ క్లాజు ఉంటే ఆ దారి, లేకపోతే సివిల్ దావా. ప్రభుత్వంపై దావాకు సివిల్ ప్రొసీజర్ కోడ్ 80వ సెక్షన్ ప్రకారం రెండు నెలల ముందు నోటీసు ఇవ్వాలి. నిర్మాణ ఒప్పందంలో వివాదం విలువ 3 లక్షలు, ఆపైన ఉంటే వాణిజ్య కోర్టుల చట్టం వర్తిస్తుంది. ఆ చట్టం కింద, అత్యవసర ఉత్తర్వు అవసరం లేని కేసుల్లో దావాకు ముందు మీడియేషన్ తప్పనిసరి.

అగ్రిమెంటే లేదు, అధికారి నోటిమాట మీద పని చేశామనేవాళ్లూ ఉంటారు. వాళ్లకు బి.కె. మండల్ కేసు ఆసరా. అప్పటి బెంగాల్లో పౌరసరఫరాల శాఖ కోసం ఒక సంస్థ గోదాములు, కచ్చా రోడ్డు, వంటగది కట్టింది. ఒప్పందం చట్టం చెప్పిన పద్ధతిలో లేదని ప్రభుత్వం డబ్బు ఎగ్గొట్టబోయింది. పని తీసుకుని లాభం పొందాక కాంట్రాక్టు చట్టం 70వ సెక్షన్ కింద పరిహారం ఇవ్వాల్సిందేనని సుప్రీంకోర్టు తీర్పిచ్చింది. అయితే పని జరిగిందని, ప్రభుత్వం దాన్ని వాడుకుందని రుజువు చేయాల్సిన భారం కాంట్రాక్టరుదే.

వడ్డీ కావాలంటే రాతపూర్వక నోటీసులో స్పష్టంగా అడగాలి. 1978 వడ్డీ చట్టం ప్రకారం ఆ నోటీసులో పేర్కొన్న తేదీ నుంచి వడ్డీ ఇచ్చే అధికారం కోర్టుకు ఉంది. వర్క్ ఆర్డరు, ఎం-బుక్ నకలు, పని పూర్తయిన సర్టిఫికెట్ చేతిలో లేకపోతే సమాచార హక్కు కింద అడగండి. మామూలుగా 30 రోజుల్లో జవాబు రావాలి.

గెలిచాక కూడా ఓపిక కావాలి. ప్రభుత్వంపై డిక్రీ వచ్చిన మూడు నెలల దాకా అమలు పిటిషన్ కదలదు. రిట్ ఉత్తర్వును అధికారులు పట్టించుకోకపోతే కోర్టు ధిక్కార పిటిషన్ వేయవచ్చు. ధిక్కారం జరిగిన నాటి నుంచి ఏడాదిలోపే వేయాలి.

గడువు దాటిపోతే నష్టపోవాల్సి వస్తుంది. పని డబ్బుకు దావా వేసేందుకు మామూలుగా మూడేళ్లే ఉంటాయి. అర్జీల మీద అర్జీలు పెట్టుకున్నంత మాత్రాన గడువు పెరగదు. ఆ మూడేళ్లలోపు బాకీ నిజమేనని శాఖ సంతకంతో రాసిచ్చినా, కొంత సొమ్ము చెల్లించి ఆ సంగతి సంతకంతో రాసిచ్చినా గడువు మళ్లీ మొదలవుతుంది. కాబట్టి "వచ్చే నెల చూద్దాం" అన్న అధికారి చేత బాకీ ఉందన్న మాట కాగితం మీద సంతకంతో రాయించుకోండి. రాయనంటే, మూడో ఏడు నిండకముందే వకీలును కలవండి.